అనాస పానకం

పంకజాక్షి మొదటిసారి ఆ పానకం చేసినప్పుడు అది విరిగిపోయింది. టెంకాయపాలలో అనాసరసం పోయగానే పాలు పలుకులు పలుకులుగా విడిపోయాయి. పైన తెల్లటి తెట్టె కట్టింది, కింద పచ్చటి నీళ్ళు నిలిచాయి. ఆమె భర్త ధనంజయ సీసా మూత తిప్పి అందులోకి రమ్ము వంచాడు. గిన్నె మొత్తం మురుగురంగుకు తిరిగింది. పసిబిడ్డ కక్కిన పాలు ఎండకు పులిసినప్పుడు వచ్చే వాసన, స్పిరిటు వాసన రెండూ కలిసి మొహానికి కొట్టాయి. ఆమె కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుంది.

"బాగుండాదా?" అన్నాడు ధనంజయ.

"నన్నడిగితే? వాంతి మాదిరి ఉండాది."

"మెల్లగా అనవే. సార్ వింటాడు."

ముందుగదిలో ఫ్యాను కింద చొక్కా విప్పుకుని కూర్చున్న రాజారత్నం అప్పటికే విన్నాడు. గట్టిగా నవ్వి, చెల్లెల్ని పిలిచినట్టు అరవంలో పిలుస్తూ, "పర్వాలేదు తంగచ్చీ, అట్లే తీసుకొని రా. వచ్చే వారానికి చెయ్యి తిరుగుతుంది" అన్నాడు.

వచ్చే వారం అనే మాట ఆమె చెవిలో పడింది. అంటే ఇది ఒక్కరోజుతో పోయేది కాదన్నమాట.

ఆ రోజుల్లో నగరిలో శనివారాలు అట్లాగే ఉండేవి. సరిహద్దుకు అవతల తమిళనాడంతా మందు మీద నిషేధం. ఇవతల బ్రాందీ షాపులు. తిరుత్తణి నుంచి, అరక్కోణం నుంచి జనం బస్సులెక్కి వచ్చి, పొద్దు వాలకముందే బస్టాండు గోడవారన సొమ్మసిల్లి పడి ఉండేవాళ్ళు. ఆడవాళ్ళు ఆ దారిన పోవాల్సివస్తే మొహం పక్కకు తిప్పుకుని, కాలికింద ఏముందో చూసుకుంటూ నడిచేవాళ్ళు. షాపులో పదిమందిలో కూర్చోవడానికి నామోషీపడే పెద్దమనుషులు మాత్రం తెలిసినవాళ్ళ ఇళ్ళు చూసుకునేవాళ్ళు. రాజారత్నం అట్లాంటి పెద్దమనిషి. మద్రాసులో లుంగీల ఎగుమతి ఏజెంటు. నగరిలో, ఏకాంబరకుప్పంలో మరమగ్గాలున్నవాళ్ళలో ఎవరికి ఆర్డరు ఇవ్వాలో, ఎవరికి ఆపాలో ఆయన చేతిలో ఉండేది.

ధనంజయ ఇంటివెనక కొత్తగా షెడ్డు వేసి మరమగ్గాలు పెట్టుకున్నాడు. వాళ్ళ నాయన చేతిమగ్గం మీద నేసి నేసి నడుము వంగిపోయి కన్నుమూసినవాడు. ఆ బతుకు మళ్ళీ వద్దనుకున్నాడు ధనంజయ. మెత్తటి మనిషి. పెళ్ళయిన కొత్తలో భార్య తల నొప్పి అంటే తానే పొయ్యి ముట్టించి కాఫీ పెట్టిచ్చిన మనిషి. పిల్లలింకా లేరని ఊళ్ళోవాళ్ళు ఆమెను ఏమైనా అంటే ఎదురు తిరిగి మాట్లాడేవాడు. మందు వాసన వస్తే ఆమడ దూరం నడిచేవాడు. అటువంటివాడు రాజారత్నం కోసం మాజీ సైనికుడు చెంగల్రాయుడి ఇంటికి పోయి మిలిటరీ రమ్ము తెచ్చాడు, సంతలో అనాసపండ్లు ఏరుకొచ్చాడు, ఐసు ఫ్యాక్టరీ నుంచి గోనెసంచిలో ఐసుగడ్డ మోసుకొచ్చాడు.

"సింగపూరులో సముద్రం పక్కనే కూర్చోబెట్టి ఇచ్చినారప్పా," అని రాజారత్నం చెప్పాడట. "రమ్ము, అనాసరసం, టెంకాయపాలు, ఐసు. తాగితే రాజా మాదిరి ఉంటుంది. మీ ఇంట్లో టెంకాయలకు కొదవా? మీ ఆడవాళ్ళకు చేయడం రాదా?"

ఆయన చెప్పిన ఇంగ్లీషు పేరుకు నోరు తిరగక ధనంజయ దాన్ని అనాస పానకం అన్నాడు. ఇంట్లో ఆ పేరే నిలిచిపోయింది. అది వినగానే అతని తల్లి మునిరత్నమ్మ, "పానకం అనొద్దురా దాన్ని. పానకం సామికి పెట్టేది," అంది. ఆ రోజు నుంచి ఆమె వంటింట్లోకి రావడం మానేసింది. పెరట్లో మూడు రాళ్ళు పెట్టుకుని తన కూడు తానే వండుకునేది.

పంకజాక్షికి చెయ్యి తిరిగింది. అదే ఆమెకు అన్నిటికన్నా రోత పుట్టించిన సంగతి. పచ్చి అనాసరసం పాలను విరగ్గొడుతుందని కనిపెట్టి, రసాన్ని కాస్త చక్కెర వేసి పొయ్యిమీద పొంగు రానిచ్చి చల్లార్చింది. ముందు రసంలో రమ్ము కలిపి, ఆ తర్వాత చిక్కటి మొదటిపాలు సన్నటి ధారగా పోస్తూ తిప్పితే విరగదని తెలుసుకుంది. రమ్ము ఎంత పడాలో నోట పెట్టకుండానే వాసన పట్టి చెప్పగలిగేది. ఊరగాయలో ఉప్పు సరిపోయిందీ లేనిదీ వాసనతోనే చెప్పే ముక్కు ఆమెది. ఆ ముక్కు ఇప్పుడు ఇందుకు పనికొచ్చింది. పైన తెల్లటి నురగతో, లేత మీగడరంగులో, పెళ్ళివిందులో పెట్టదగ్గట్టుగా వచ్చేది ఆ పానకం.

టెంకాయ తురిమే పీట కోరల్లో ఆ వాసన ఇరుక్కుంది. చింతపండు పెట్టి తోమినా, బూడిద పెట్టి తోమినా పోలేదు. మర్నాడు చట్నీకి టెంకాయ తురిమితే చట్నీ ఆ వాసనే వచ్చేది. వేళ్ళ సందుల్లో అనాస పులుపుకు తోలు ఊడింది. ఐసుగడ్డను అంటుకుని వచ్చిన రంపపుపొట్టు కడిగినా పోక గ్లాసుల్లో తేలేది. రాజారత్నం దాన్ని నాలుకతో తోసి, వేలితో తీసి, కూర్చున్న చాపకే రాసేవాడు.

ఆయన వెళ్ళిపోయాక ఆ గది శుభ్రం చేయడం ఆమె పనే. నమిలి ఊసిన అనాస పీచు గోడవారన గుట్టగా ఉండేది. గ్లాసు అడుగున మిగిలిన నురగలో సిగరెట్టు ముక్కలు నాని ఉబ్బి ఉండేవి. పులికాట్ రొయ్యలు తెచ్చి వేయించమనేవాడు. వాటి తలలు కిటికీ గట్టుమీద వరసగా పెట్టేవాడు. నేల మీద అడుగు పెడితే అరికాలు అతుక్కుని చిటుక్కుమని ఊడి వచ్చేది. చీమలు బారు కట్టేవి. ఈగలు ఆమె పెదవుల మీద కూడా వాలేవి. నేల కడిగిన గుడ్డ పిండితే వచ్చే నీళ్ళు తీపి వాసన వేసేవి. ఆ తీపి వాసనకే ఆమె రెండుసార్లు పెరట్లోకి పరుగెత్తింది.

ధనంజయ మొదట్లో తాగేవాడు కాదు. ఆ తర్వాత సార్‌కు తోడుగా ఒక గుక్క అన్నాడు. ఆ తర్వాత ఒక గ్లాసు. తాగిన ప్రతిసారీ పెరట్లో కక్కేవాడు. వచ్చి నోరు తుడుచుకుని మళ్ళీ కూర్చుని నవ్వేవాడు. ఆ నవ్వు అతనిది కాదు. రాజారత్నం ఎట్లా పొట్ట కదుపుతూ నవ్వుతాడో అట్లాగే నవ్వడం నేర్చుకున్నాడు. పొట్ట లేని మనిషి ఆ నవ్వు నవ్వుతుంటే చూడడానికి అసహ్యంగా ఉండేది.

అరవ లెక్కన ఆడి నెలలో ఒక శనివారం, గ్లాసులు పెట్టి తిరిగి వెళ్ళబోతున్న పంకజాక్షిని రాజారత్నం పిలిచాడు.

"ఏం తంగచ్చీ, ఇంత జోరుగా చేస్తావే, నువ్వు ఒక్క తూరి అయినా రుచి చూసినావా?"

"లేదన్నా. నాకు పడదు."

"పడకుండా ఎట్ల పోతుంది? టెంకాయపాలు, పండ్లరసం. ఏమప్పా ధనంజయా, నీ భార్య మనల్ని చూసి అసహ్యించుకుంటా ఉండాది."

"అట్లేం లేదు సార్," అని ధనంజయ గబుక్కున లేచాడు. తాను తాగుతున్న గ్లాసు తీసుకుని ఆమె దగ్గరకు వచ్చాడు. "కొంచెం సూడు పంకజా. నాలిక తడుపుకో, చాలు. సార్ సంతోషిస్తాడు."

గ్లాసు అంచున అతని ఎంగిలి జిగటగా మెరుస్తోంది. దాన్ని ఆమె పెదవులకు ఆనించాడు. చల్లటి తీపి పెదవి మీదుగా గడ్డం మీదకు కారింది. ఆమె నోరు బిగించుకుని అతని కళ్ళలోకి చూసింది. అతను ఆమెను చూడడంలేదు. రాజారత్నం నవ్వుతున్నాడా లేదా అని పక్కకు చూస్తున్నాడు.

ఆమె అతని చెయ్యి తోసేసి పెరట్లోకి వెళ్ళి మొహం కడుక్కుంది. సీకాయపొడి పెట్టి పెదవులు రుద్దుకుంది, మండేదాకా. పెరట్లో అన్నం వార్చుకుంటున్న మునిరత్నమ్మ తలెత్తి చూసి చెంబుతో ఇంకొన్ని నీళ్ళు పోసింది.

ఆ రాత్రి నుంచి పంకజాక్షి అత్తగారి పక్కన చాప వేసుకుంది. ధనంజయ ఎందుకని అడగలేదు.

పెరటాసి నెల వచ్చింది. ఆ నెల శనివారాల్లో ఇంటిల్లిపాదీ నీసు ముట్టరు. నుదుట నామం పెట్టుకుని, చెంబుకు నామాలు దిద్ది, గోవిందా అంటూ నాలుగిళ్ళు తిరిగి బియ్యం అడిగి తెచ్చి, ఆ బియ్యంతో వండి స్వామికి నైవేద్యంగా తళిగ వేస్తారు. మునిరత్నమ్మ ఆ శనివారం పొద్దున్నే స్నానం చేసి, నామం దిద్దుకుని, చెంబు చేతబట్టుకుని బయల్దేరబోతుండగా ఎవరో వీధి తలుపు కొట్టారు.

తలుపు తీస్తే ముగ్గురు మగవాళ్ళు. తెల్లపంచెలు, వేళ్ళకు ఉంగరాలు. ఎప్పుడూ చూసిన మొహాలు కావు. ఒకడి చేతిలో గుడ్డసంచి, అందులో సీసాలు ఒకదానికొకటి తగులుతున్నాయి. ఇంకొకడు రెండు అనాసపండ్లు పిలకలు పట్టుకుని వేలాడేసుకుని ఉన్నాడు.

"అనాస అక్క ఇల్లు ఇదేనా అమ్మా?" అన్నాడు సంచి పట్టుకున్నవాడు, అరవం కలిసిన తెలుగులో.

మునిరత్నమ్మకు అర్థం కాలేదు. "ఎవురు కావాల నాయనా మీకు?"

"అదేనమ్మా, పానకం కలిపిచ్చే అక్క. తిరుత్తణిలో రాజారత్నం సార్ చెప్పినారు, నగరిలో అంత బాగా ఇంకెవురూ చేయరని. ఊరికే ఒద్దు, ఎంతైతే అంత ఇచ్చిపోతాము. ఈడే కూర్చుని తాగొచ్చునంట గదా?"

పంకజాక్షి లోపలి గుమ్మంలో నిలబడి అంతా వింది. వాళ్ళ చూపు అత్తగారి భుజం మీదుగా తనమీద వాలడం కూడా చూసింది. మూడోవాడు పళ్ళికిలించి తల ఊపాడు. సంతలో గేదెను బేరమాడేముందు చూసే చూపు అది. ఇన్ని నెలలుగా ఈ ఇంటి పేరు, తన చేతి పేరు ఎక్కడెక్కడ ఎవరెవరి నోళ్ళలో నలిగిందో ఒక్కసారిగా ఆమెకు కళ్ళకు కట్టింది. బ్రాందీ షాపు బల్లల మీద, లారీ ఆఫీసుల్లో, తిరుత్తణి లాడ్జీల్లో. నగరిలో ఫలానా ఇంట్లో ఒక ఆడది ఉంది అని.

మునిరత్నమ్మ నామాలు దిద్దిన చెంబును కొంగుచాటుకు తీసుకుంది. "ఇది సంసారుల ఇల్లు. పోండి," అంది. వాళ్ళు ఒకరి మొహం ఒకరు చూసుకుని నవ్వుకుంటూ అరుగు దిగారు. పోతూ పోతూ ఒకడు, "బేరం కుదరలేదు పోలె ఉండాదే," అన్నాడు.

మునిరత్నమ్మ ఆ రోజు బియ్యానికి బయటికి పోలేదు. చెంబు దేవుడి మూల పెట్టి, గోడకు ఆనుకుని కూర్చుని కళ్ళు మూసుకుంది. మూసిన కళ్ళ నుంచి నీళ్ళు కారి నామం తడిసి ముక్కుమీదకు దిగింది.

ధనంజయ ఐసుగడ్డ తీసుకుని ఇంటికి వచ్చాక పంకజాక్షి జరిగిందంతా చెప్పింది. అతను ముందు మొహం చిట్లించాడు. గోనెసంచి దించి, చేతులు దులుపుకున్నాడు.

"ఎవురో తాగుబోతులు. వాళ్ళ మాటలు పట్టించుకుంటారా?"

"వాళ్ళకు నా గురించి చెప్పింది మీ సారు."

"మంచిగానే గదా చెప్పినాడు. నీ చెయ్యి మంచిదని." అని ఆగి, ఆమె మొహం చూసి గొంతు తగ్గించాడు. "చూడు, ఈ పొద్దు కొత్త ఆర్డరు మాట తేల్చేస్తానన్నాడు. ఈ ఒక్క పొద్దు చేసెయ్యి. రొయ్యలు ఒద్దని ఆయనే చెప్పినాడు, పెరటాసి కదా అని. పానకంలో నీసేమీ లేదు గదా అన్నాడు."

తన భర్త ఆ మాటను నిజంగానే ఒక మర్యాదగా చెబుతున్నాడు. తనను పెళ్ళిచేసి ఇచ్చింది ఈ మనిషికేనా అని ఆమె అతని మొహంలో వెతికింది. పాత మొహమే. ఆ మెత్తదనమే. ఎవరు నొక్కితే అటు లొంగే ఆ మెత్తదనాన్నే ఇన్నాళ్ళూ మంచితనం అనుకుంది.

మధ్యాహ్నం రాజారత్నం కారు వచ్చింది. ఆయన ముందుగదిలో చొక్కా విప్పి కొక్కేనికి తగిలించి కూర్చున్నాడు. పంకజాక్షి ఒక్కొక్కటిగా సామాను తెచ్చి ఆయన ముందు పెట్టింది. తురుముపీట, టెంకాయలు, అనాసపండ్లు, కత్తిపీట, సత్తుగిన్నె, ఐసుగడ్డ ఉన్న గోనెసంచి. చివరగా రమ్ము సీసా తెచ్చి గిన్నె పక్కన నిలబెట్టింది.

"ఏంది తంగచ్చీ ఇది?" అన్నాడు రాజారత్నం.

"మీరే కలుపుకోండి. నా వంటింట్లో ఈ పొద్దు తళిగ పొంగుతా ఉండాది. ఈ పొద్దనే కాదు, ఇంకెప్పుడూ నేను దీన్ని ముట్టను."

"పంకజా!" అన్నాడు ధనంజయ.

ఆమె లోపలి గుమ్మం దాటి ఆగింది, తలుపు మాత్రం వేయలేదు. రాజారత్నం ఒక క్షణం చురచురా చూసి, తర్వాత నవ్వేశాడు. "దాందేముండాది? చేసేస్తాం. ఏమప్పా ధనంజయా, రెండు చేతులూ ఉండాయి గదా నీకు. కూర్చో."

ధనంజయ తురుముపీట మీద కూర్చున్నాడు. ఎన్నడూ కూర్చోని మనిషి. టెంకాయతో పాటు చిప్ప కూడా గీకాడు. తెల్లటి తురుములో గోధుమరంగు పొట్టు, పీచు. బొటనవేలు కోరకు తగిలి రక్తం కారితే రెండు చుక్కలు తురుములోనే పడ్డాయి. అతను ఆ తురుము తీసి పారేయబోతే రాజారత్నం, "ఉండనీలే, ఎవురు చూస్తారు?" అన్నాడు. అనాసపండ్లను కళ్ళతో సహా ముక్కలు చేసి చేత్తో పిసికారు. రాజారత్నం మోచేతుల దాకా రసం కారింది. దాన్ని తన బనీనుకే తుడుచుకున్నాడు. రసాన్ని కాచాలని వాళ్ళకు తెలియదు. తెలిసిన మనిషి గుమ్మంలో నిలబడి చూస్తూ ఉండిపోయింది.

పాలు పోయగానే విరిగింది. రాజారత్నం విరిగిందని ఒప్పుకోలేదు. రమ్ము ఇంకా పోశాడు, ఐసు ఇంకా కొట్టి వేశాడు. గిన్నెలో ముద్దలు ముద్దలుగా ఏదో తేలుతోంది. ఈగలు గిన్నె అంచున బారులు తీరి కూర్చున్నాయి. ఒకటి పడి కొట్టుకుంటుంటే వేలితో తీసి విదిల్చాడు. "శానా బాగుండాది. సింగపూరు గింగపూరు ఏం పనికొస్తుంది దీని ముందర," అంటూ పోసుకున్నాడు. ఆడదాని ముందు తగ్గకూడదన్న పంతం ఆయన మొహంలో కనబడుతూనే ఉంది. ప్రతి గుక్కకూ గొంతుముడి ఆగి ఆగి కదిలింది. ముద్దలను పళ్ళతో వడగట్టి పక్కకు ఊశాడు. ధనంజయ కూడా కళ్ళు మూసుకుని తాగాడు.

గిన్నె సగానికి వచ్చాక రాజారత్నం తూలుతూ లేచాడు. "రా అప్పా, గుడ్డ చూస్తాం. ఆర్డరు కావాల గదా నీకు."

ఇంటివెనక షెడ్డులో మగ్గాలు నడుస్తున్నాయి. రేకుల కప్పు కింద ఉడుకు, నూనె వాసన, చెవులు పగిలే చప్పుడు. చివరి మగ్గం మీద పెద్దాయన గంగులప్ప ఉన్నాడు. ధనంజయ తండ్రి దగ్గర పని నేర్చుకున్నవాడు ఆయన. ఆ పొద్దు నామం పెట్టుకుని, చెప్పులు బయట విడిచి మగ్గం దగ్గర నిలబడి ఉన్నాడు. రాజారత్నం ఆ మగ్గం మీదకు వంగి, నేసిన గుడ్డ బొటనవేలితో చూపుడువేలితో నలిపి చూశాడు. ఇంకాస్త వంగాడు. అంతే.

పడుగు మీద, నేసిన గళ్ళ గుడ్డ మీద, పడుగుపోగులు ఎత్తే పలకల సందుల్లోకి అంతా కక్కాడు. విరిగిన పాలముద్దలు, అనాస పీచు, మధ్యాహ్నం తిన్న అన్నం. మగ్గం ఇంకా నడుస్తోంది. పేకపోగు లాగే నాడె అందులోంచే అటూ ఇటూ పరుగెత్తి, ఆ తడిని గుడ్డ నిండా పరిచింది. గంగులప్ప మగ్గం ఆపేలోపు జానెడు గుడ్డ దాంతోనే నేసినట్టయింది.

పక్క మగ్గాలు కూడా ఒక్కొక్కటిగా ఆగాయి. చప్పుడు లేని షెడ్డులో రాజారత్నం ఎగశ్వాస ఒక్కటే వినిపించింది. ఆయన నిటారుగా నిలబడి, ఎదురుగా ఉన్న గుడ్డ శుభ్రమైన కొస పట్టుకుని లాగి నోరు తుడుచుకున్నాడు. మీసాలు తుడుచుకున్నాడు.

"కడిగించెయ్యప్పా," అని ధనంజయతో చెప్పి, షెడ్డు పక్క సందులోంచి కారు దగ్గరకు నడిచాడు. చొక్కా కూడా మర్చిపోయి వెళ్ళిపోయాడు.

గంగులప్ప పైగుడ్డతో ముక్కు మూసుకుని వెనక్కి జరిగాడు. "మీ నాయన ఉంటే ఈ పొద్దు ఏమయ్యుండునో," అన్నాడు. "ఇంకొన్ని దినాల్లో ఆయుధపూజ. ఈ మగ్గానికి నేను బొట్టు పెట్టలేనప్పా. నావల్ల కాదు." ఆయన వెనకే మిగిలినవాళ్ళూ బయటికి నడిచారు.

ధనంజయ షెడ్డు వాకిట్లోకి వచ్చి నిలబడ్డ భార్య వైపు చూశాడు. ఇన్ని నెలలుగా ఇటువంటివన్నీ ఆమే కడిగింది. ఆ అలవాటు చొప్పున అతని చూపు ఆమె చేతుల మీదకు పోయింది.

"తొట్లో నీళ్ళుండాయి," అంది పంకజాక్షి.

మునిరత్నమ్మ పెరట్లోంచి వచ్చింది. కొడుకు చేతికి పొరక అందించింది. అతను ఆ పడుగును, నూలు చుట్టి ఉండే బీము దాకా కోసి తీశాడు. పలకల సందుల్లో వేలు పెట్టి తీయాల్సి వచ్చింది. మధ్యలో రెండుసార్లు బయటికి పోయి తానూ కక్కి వచ్చాడు. వచ్చి మళ్ళీ కడిగాడు. పంకజాక్షి వాకిట్లోనే నిలబడి చివరిదాకా చూసింది. జాలి వస్తుందేమోనని ఎదురుచూసింది. రాలేదు.

తళిగ మాత్రం ఆగలేదు. ఆ సాయంత్రం మునిరత్నమ్మ ఇంట్లో ఉన్న బియ్యంతోనే స్వామికి పెట్టింది. కొడుకును దేవుడి దగ్గరకు రానివ్వలేదు.

రాజారత్నం మళ్ళీ రాలేదు. గుడ్డలో నాణ్యం తగ్గిందని నూలు వ్యాపారితో కబురు పంపి, ఆర్డరు ఏకాంబరకుప్పంలో మరమగ్గాలున్న చిన్నబ్బకు ఇచ్చాడు. ధనంజయ షెడ్డులో సగం మగ్గాలు ఆగిపోయాయి. మిగిలిన వాటి మీద ఎవరెవరివో పడుగులు తెచ్చి కూలికి నేయించాడు. గంగులప్ప ఆయుధపూజకు వచ్చి, మగ్గం అంతా గోమూత్రంతో మళ్ళీ కడిగించి, ఆ తర్వాతే పనిలోకి దిగాడు.

ధనంజయ రమ్ము మానేశాడు. ఆ పొట్ట నవ్వు కూడా పోయింది. భార్యను ఒక్క మాట అనలేదు. ఒక్కసారి మాత్రం, అన్నం తింటూ తింటూ, ఆగిపోయిన మగ్గాల వైపు చూస్తూ, "ఆ పొద్దు నువ్వే చేసుంటే..." అన్నాడు.

పంకజాక్షి చేతిలో గరిటె ఆగింది. "ఊఁ. చెప్పు. నేనే చేసుంటే?"

అతను తల వంచుకుని అన్నం కలుపుకున్నాడు. ఆమె గరిటె గిన్నెలో పడేసి లేచిపోయింది. ఇంకా కొన్నాళ్ళు అత్తగారి పక్కనే పడుకుంది.

సంక్రాంతి దాటాక ఒక పొద్దున వనజాక్షి వచ్చింది. చిన్నబ్బ భార్య. ఇరవై దాటి ఉండవు. తలనిండా కనకాంబరాలు, చేతిలో అరటిపండ్ల హస్తం. ఆమె నోరు విప్పకముందే పంకజాక్షికి ఆ వాసన తగిలింది. చీర కుచ్చిళ్ళలోంచి, వేళ్ళలోంచి. పులిసిన అనాస, స్పిరిటు. కూర్చోమని చెప్పి కాఫీ ఇచ్చిందిగానీ, ఆ వాసనకు కాస్త ఎడంగా జరిగి కూర్చుంది.

"అక్కా, నువ్వు ఏమీ అనుకోకూడదు," అంది వనజాక్షి. "ఆ పానకం నాకు విరిగిపోతా ఉండాది. ఎన్నిసార్లు చేసినా అంతే. సారు ప్రతిసారీ నీ పేరే చెప్తాడు, ధనంజయ భార్య ఎంత బాగా చేస్తాదో అని. మా ఆయన నామీద ఎగురుతాడు. మొన్న గ్లాసు ఇసిరికొట్టినాడు." ఆమె చెయ్యి తిప్పి చూపించింది. వేళ్ళ సందుల్లో తోలు ఊడి ఎర్రగా ఉంది. "ఎట్ల చేయాలో చెప్పక్కా."

పంకజాక్షి ఆ వేళ్ళను చూసింది. రెండు ముక్కల్లో చెప్పేయొచ్చు. చెబితే ఈ పిల్లకు తిట్లు తప్పుతాయి. ఆ తర్వాత తెల్లటి నురగ వస్తుంది, మెచ్చుకుంటారు, ఒకరోజు రుచి చూడమంటారు.

"రాదని చెప్పు," అంది.

"రాదంటే ఊరుకుంటారా అక్కా?"

"ఊరుకోరు. అయినా రాదనే చెప్పు. సామాను తీసుకెళ్ళి వాళ్ళ ముందర పెట్టి, మీరే చేసుకోండను. నువ్వు మాత్రం నేర్చుకోవద్దు. నా మాట విను."

వనజాక్షి కాఫీ గ్లాసు కింద పెట్టింది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి, మొహం మాత్రం గట్టిపడింది. "నీకు చెప్పడం ఇష్టం లేదు. ఆర్డరు మాకొచ్చిందని కడుపుమంట నీకు. తెలిసే వచ్చినాను."

"అట్ల కాదు వనజా..."

వనజాక్షి వినలేదు. అరటిపండ్లు అక్కడే వదిలేసి వెళ్ళిపోయింది. పంకజాక్షికి కుళ్ళు అన్న మాట రెండు రోజుల్లో వీధంతా పాకింది. ధనంజయకూ తెలిసింది.

ఆ శనివారం మధ్యాహ్నం రాజారత్నం కారు ఆ వీధిలోంచే ఏకాంబరకుప్పం వైపు పోయింది. అరుగు మీద కూర్చుని నూలు చిక్కు తీసుకుంటున్న ధనంజయ హారను విని తలెత్తాడు. కారును చూసి గబుక్కున లేచి నిలబడ్డాడు. మడిచికట్టిన పంచె కిందికి దింపుకుని, రెండు చేతులూ జోడించి దండం పెట్టాడు. కారు ఆగలేదు. వెనక సీట్లో ఉన్న మనిషి ఇటు చూడనేలేదు. కారు మలుపు తిరిగేదాకా అతని చేతులు అట్లాగే జోడించి ఉన్నాయి.

కిటికీలోంచి చూస్తున్న పంకజాక్షి నోట్లోకి చేదునీళ్ళు ఊరాయి. పెరట్లోకి వెళ్ళి కాలవలో ఉమ్మేసింది. అత్తగారు చేటలో ఉలవలు చెరుగుతోంది. పక్కన కూర్చుని తానూ రాళ్ళు ఏరడం మొదలుపెట్టింది.